అక్షరాల కడియం

పుస్తకానికి కాలు తగిలితే గభాలున వంగి కళ్ళకద్దుకునే వాళ్ళం మనం. అది లెక్కల గైడా, పోయినేడాది పంచాంగమా, పాత సినిమా పాటల పుస్తకమా అని చూడం. అందులో అక్షరం ఉంది, అంతే. పళ్ళెంలో బియ్యం పోసి, పిల్లవాడి వేలు పట్టుకుని దిద్దిస్తాం. ఆ పిల్లవాడికే రేపు జ్వరం వస్తే రాగిరేకు మీద ఏదో గీయించి తాయెత్తు కడతాం. గీసిందేమిటో కట్టినవారికీ తెలియదు, కట్టించుకున్నవాడికీ తెలియదు. తెలియకపోవడమే దాని బలం కాబోలని నాకెప్పుడూ అనుమానం.

ఇప్పుడు నేను చెప్పబోయేది అలాంటి ఒక అక్షరం చరిత్ర. చరిత్ర అంటున్నాను కానీ, ఆ అక్షరం ఏ శాసనంలోనూ కనిపించదు. ఎందుకంటే అది పుట్టిన దేశమే భూమ్మీద లేదు. ఉర్సులా లెగ్విన్ అనే అమెరికన్ రచయిత్రి తన బుర్రలోంచి ఒక సముద్రాన్ని తీసి, అందులో వందల దీవులు చల్లి, వాటికి ఎర్త్‌సీ అని పేరు పెట్టింది. రాజులు, యుద్ధాలు, వంశవృక్షాలు, పండుగలు, భాషలు, లిపులు, అన్నీ అమర్చింది. లేని దేశానికి ఇంత చరిత్ర ఎందుకమ్మా అని మీరు అడగవచ్చు. మన జానపద సినిమాల్లో ఫలానా దేశపు రాకుమారుడు అనగానే నమ్మేసి రెండున్నర గంటలు కూర్చోలేదూ? ఆ దేశం ఎక్కడుందని మనమెవరం అట్లాసు తీసి వెతకలేదు. ఈవిడ చేసిన వింతేమిటంటే, అట్లాసు కూడా తనే గీసిపెట్టింది.

లెగ్విన్ 1929లో కాలిఫోర్నియాలోని బర్క్‌లీలో పుట్టింది. తండ్రి ఆల్‌ఫ్రెడ్ క్రోబర్ పేరు మోసిన మానవశాస్త్రజ్ఞుడు. అమెరికా ఆదిమజాతుల భాషలూ ఆచారాలూ సేకరించడంలో జీవితం గడిపినవాడు. తల్లి థియొడోరా క్రోబర్ కూడా రచయిత్రే. ఇషీ అనే ఆదివాసి, తన తెగలో ఆఖరివాడుగా మిగిలిపోయినవాడు, అతని కథను ఆవిడ 1961లో పుస్తకంగా తెచ్చింది. ఇలాంటి ఇంట్లో పెరిగిన పిల్లకి కథ రాయమంటే రాజు, రాణి, రాక్షసుడు అని ఊరుకోదు కదా. ఆ రాజ్యంలో జనం ఏం తింటారు, ఏ లిపిలో రాస్తారు, అసలు రాస్తారా రాయరా అనేదాకా పోతుంది. 1967లో ఒక చిన్న ప్రచురణ సంస్థ యజమాని, కొంచెం పెద్ద పిల్లలు చదువుకునే కథ ఒకటి కావాలని అడిగితే, మరుసటి ఏడు 'ఎ విజార్డ్ ఆఫ్ ఎర్త్‌సీ' అచ్చయింది. అందులో గెడ్ అనే మేకలు కాసుకునే కుర్రవాడు మంత్రవిద్య నేర్చి మహా మాంత్రికుడయ్యే కథ. ఇంకో మాట. ఈ గెడ్ ఎర్రటి గోధుమరంగు మనిషి. అతని ప్రాణమిత్రుడు నల్లనివాడు. తెల్లతోలు వాళ్ళు ఆ లోకంలో ఎక్కడో తూర్పున, దండయాత్రలు చేసే పరాయివాళ్ళు. ఆవిడ అంత స్పష్టంగా రాసినా, చాలా ఏళ్ళు అట్టమీద బొమ్మలు వేసినవాళ్ళు గెడ్‌ని తెల్లవాడిగానే వేశారు. 2004లో టీవీకి తీసినవాళ్ళూ అదే పని చేస్తే ఆవిడ ఊరుకోక పత్రికకెక్కి కడిగేసింది. నాకైతే ఆ సంగతి తెలిశాక ఆవిడ మీద గౌరవం రెట్టింపయింది.

సరే, అక్షరం దగ్గరికి వద్దాం.

ఎర్త్‌సీలో మంత్రమంటే మాట. ప్రతి వస్తువుకీ ఒక నిజమైన పేరుంటుంది. ఆ పేరు తెలిసినవాడి మాట ఆ వస్తువు వింటుంది. ఆ ప్రాచీన భాషకి లిపి కూడా ఉంది. ఆ అక్షరాలను రూన్‌లంటారు. రోజువారీ ఉత్తరాలకూ పద్దులకూ వేరే లిపి. కానీ అసలు రూన్ రాయడమంటే ఊరికే రాయడం కాదు, ఒక పని చెయ్యడం. మన బీజాక్షరాల సంగతి తెలిసినవాళ్ళకి ఇది విడమరచి చెప్పనక్కరలేదు.

రూన్ అనే మాటను లెగ్విన్ కొత్తగా పుట్టించలేదు. ఉత్తర ఐరోపాలో, ఇప్పటి డెన్మార్కు, స్వీడన్, నార్వే ప్రాంతాల్లో, రెండువేల ఏళ్ళనాడు మొదలైన లిపి పేరది. పాత నార్స్ భాషలో ఆ మాటకు రహస్యమని అర్థం. మొదట్లో ఇరవైనాలుగు అక్షరాలుండేవి. రాయి మీద, చెక్క మీద, ఎముక మీద చెక్కడానికి వీలుగా అన్నీ నిట్టనిలువు గీతలూ ఏటవాలు గీతలే. మన తెలుగు అక్షరాల్లాంటి గుండ్రాలు మచ్చుకు కనబడవు. మనవి తాటాకు చిరగకుండా గుండ్రమయ్యాయంటారు, వాళ్ళవి చెక్కపొరకు అనువుగా కోసుగా అయ్యాయంటారు. ఇంతవరకు దొరికిన అతి పాత రూన్ రాతల్లో ఒకటి ఏ రాజుగారి శాసనమో కాదండీ, దువ్వెన! డెన్మార్కులో వీమోసె అనే చోట బురదనేలలో దొరికింది. సుమారు క్రీస్తుశకం 160 నాటిదని చెబుతారు. స్వీడన్‌లో లిండ్‌హోల్మ్ అనేచోట 1840లో ఒక ఎముక ముక్క దొరికింది. దాని మీద 'అ' అనే అక్షరాన్నే వరసగా ఎనిమిదిసార్లు చెక్కారు, తరవాత ఇంకో రెండు మూడు అక్షరాలను అలాగే తిప్పి తిప్పి. అందులో అర్థం లేదు. జపం ఉంది. వాళ్ళ పురాణంలో ఓడిన్ అనే దేవుడు ఈ అక్షరాల కోసం తొమ్మిది రాత్రులు చెట్టుకు వేలాడి తపస్సు చేస్తాడు. తొమ్మిది అన్న లెక్కని గుర్తుంచుకోండి.

లెగ్విన్ కథలో ఒక వెండి కడియం ఉంది. దానికి తొమ్మిది చిల్లులు. లోపలివైపు తొమ్మిది రూన్‌లు చెక్కి ఉంటాయి. ఒక్కో అక్షరానికి ఒక్కో శక్తి. ఒకటి పిచ్చి ఎక్కకుండా, గాలీ నిప్పూ హాని చెయ్యకుండా కాస్తుంది. ఒకటి ఓర్పునిస్తుంది. ఇలా ఎనిమిది. తొమ్మిదోది బంధాక్షరం. దేశాలను ఒకదానితో ఒకటి కట్టిపెట్టి ఉంచేది, శాంతికి గుర్తు. ఆ గుర్తు కింద కూర్చుని పాలించకపోతే ఏ రాజూ సవ్యంగా పాలించలేడని ఆ జనం నమ్మకం.

మోర్రెడ్ అనే రాజు ఆ కడియాన్ని తన భార్య ఎల్ఫారాన్‌కి ఇచ్చాడు. శత్రువు పన్నిన మాయకి ఆమె ఉన్న సొలేయా దీవి సముద్రంలో మునిగిపోతుంటే, ఎల్ఫారాన్ తాను మిగలకుండా పోయింది కానీ, పసిబిడ్డనీ ఆ కడియాన్నీ దాటించింది. ఈ తొలి ముచ్చట లెగ్విన్ చాలా ఆలస్యంగా, 2001లో, 'టేల్స్ ఫ్రమ్ ఎర్త్‌సీ' పుస్తకం చివర ఎర్త్‌సీ దేశ చరిత్ర అంటూ ఒక వ్యాసం రాసినప్పుడు విడమరచి చెప్పింది. గెజెటీర్‌లా, మొహంలో నవ్వు కనబడనీయకుండా రాస్తుంది ఆవిడ. లేని రాజుల ఏలుబడి లెక్కలు చదువుతూ ఉంటే మన స్కూలు హిస్టరీ పుస్తకం దీనికన్నా నిజమా అనిపిస్తుంది.

చాలా తరాల తరవాత ఆ కడియం ఎర్రెత్ అక్బె అనే మాంత్రిక వీరుడి చేతికి వచ్చింది. తూర్పున కార్గాద్ దేశాలున్నాయి. ఇందాక చెప్పిన తెల్లవాళ్ళవి. వాళ్ళకీ ఈ దీవుల వాళ్ళకీ మధ్య పోరు. ఎర్రెత్ అక్బె అక్కడికి వెళ్ళి వాళ్ళ ప్రధాన పూజారి ఇంటాతిన్‌తో తలపడ్డాడు, ఓడిపోయాడు. ఆ పెనుగులాటలో కడియం రెండు ముక్కలైంది. నాలుగు అక్షరాలు ఈ ముక్కలో, నాలుగు ఆ ముక్కలో భద్రంగానే ఉన్నాయి. విరుపు మాత్రం సరిగ్గా బంధాక్షరం మీదుగా పోయింది!

ఇక్కడే నేను పుస్తకం మూసి కాసేపు కూర్చుండిపోయాను. కథలు రాసేదాన్ని కనుక ఇలాంటి చోట్ల అసూయ ఎక్కువ. అక్షరం పోవడానికి ఎన్ని దారుల్లేవు? చెదలు తినవచ్చు, నీళ్ళలో కరగవచ్చు, శత్రువు తగలబెట్టవచ్చు. ఈవిడ మాత్రం సగం వాళ్ళ దగ్గరా సగం వీళ్ళ దగ్గరా ఉంచింది. ఎవరి దగ్గరున్నదీ పనికిరాదు. పారెయ్యడానికీ మనసొప్పదు. ఆస్తి పంపకాల్లో అన్నదమ్ములు జంట గాజుల్ని చెరొకటి పంచుకున్నట్టుగా ఉంది వ్యవహారం.

అసలు అక్షరమే విరిగాక దాన్ని ఎలా రాయాలో అందరూ మరచిపోయారు. దాన్ని 'పోయిన రూన్' అని పిలుచుకున్నారు. హావ్‌నార్ నగరంలో సింహాసనం ఖాళీ అయి ఎనిమిది వందల ఏళ్ళు దాటింది. రాజు లేడు. చిన్న చిన్న దొరలు, కొట్లాటలు, సముద్రపు దొంగలు. పండితులూ మాంత్రికులూ ఆ కడియం కోసం వెతకని చోటు లేదు. రోక్ అనే దీవిలో వాళ్ళకో పెద్ద విద్యాలయం ఉంది. ఎన్నో గ్రంథాలు, తొమ్మిదిమంది మహాగురువులు. వాళ్ళకి దొరకలేదు. రోక్ విద్యాలయంలో ఆడపిల్లలకి ప్రవేశం లేదన్న సంగతి కూడా ఇక్కడే చెప్పేస్తాను, తరవాత పనికొస్తుంది.

మరి ముక్కలు ఎక్కడున్నాయి? ఒకటి పూజారి చేతిలోంచి అటువాన్ అనే ఎడారి దీవిలోని సమాధుల ఖజానాకి చేరింది. రెండోది ఎర్రెత్ అక్బె వెళ్ళిపోతూ థోరెగ్ అనే చిన్న రాజుకిచ్చాడు. ఆ వంశంలో చేతులు మారుతూ వచ్చింది. వంశం ఓడిపోయింది. ఆఖరికి ఇద్దరు పసిపిల్లలు, అన్నాచెల్లెళ్ళో అక్కాతమ్ముళ్ళో, మిగిలారు. రాజరక్తం చిందిస్తే పాపమని భయపడి గెలిచినవాడు వాళ్ళని చంపకుండా, సముద్రం మధ్య ఒక ఇసుకదిబ్బ మీద వదిలేశాడు. చంపకపోవడం కూడా ఒక్కోసారి ఎంత క్రూరమో చూడండి. వాళ్ళక్కడే పెరిగారు, అక్కడే ముసలివాళ్ళయ్యారు. మనుషుల భాష దాదాపు మరచిపోయారు. చేపలూ నత్తలూ తిని బతికారు. తాగడానికి ఉప్పగా ఉండే ఊటనీళ్ళు.

మొదటి పుస్తకంలో గెడ్ పడవ పగిలి ఆ దిబ్బకి కొట్టుకొస్తాడు. ముసలాయన భయంతో దగ్గరికే రాడు. ముసలావిడ మాత్రం మెల్లగా చేరువై, తన మొత్తం ఆస్తి తెచ్చి చూపిస్తుంది. జరీ, ముత్యాలు కుట్టిన ఒక పసిపిల్ల పట్టు గౌను. అది తనదే. మాటలు రావు, చెప్పలేదు. గౌను చూపించి, ఒక విరిగిన లోహపు ముక్క అతని చేతిలో పెడుతుంది. ఏమీ అడగలేదు. గెడ్‌కీ అదేమిటో తెలియదు. కృతజ్ఞతగా వెళ్ళేముందు ఆ ఊటనీళ్ళు తియ్యబడేలా ఒక మంత్రం వేసి వెళ్తాడు. చాలా ఏళ్ళ తరవాత ఒక డ్రాగన్ చెబితే కానీ అతనికి తన మెళ్ళో వేలాడేది ఏమిటో తెలిసిరాలేదు.

మహాపండితులకి దొరకనిది, అ అంటే ఆ రాని ముసలమ్మ దగ్గర ఉందన్నమాట. ఆమెకి పేరైనా పెట్టలేదు రచయిత్రి.

రెండోముక్క కథ 'ది టూంబ్స్ ఆఫ్ అటువాన్'. 1971లో అచ్చయింది. ఒరెగాన్ రాష్ట్రం తూర్పున ఉన్న ఎడారికి భర్తతో కలిసి వెళ్ళినప్పుడు, ఆ బోడి నేల చూసి ఈ నవల మనసులో పడిందని ఆవిడ చెప్పుకుంది. ఇందులో గెడ్ సగం కథ దాకా రానే రాడు. ఇది టెనార్ కథ. కార్గాద్ దేశపు పిల్ల. సమాధుల గుడిలో ప్రధాన పూజారిణి చనిపోయిన రాత్రి పుట్టింది కనుక ఆమే మళ్ళీ పుట్టిందని ఐదేళ్ళప్పుడు అమ్మ ఒళ్ళోంచి తీసుకుపోతారు. పేరు తీసేస్తారు. అర్హా అంటారు. అంటే, మింగబడినది అని. ఇక ఆ పిల్లకి నల్లబట్టలూ, నేలమాళిగలూ, చీకటిలో వేలితో తడుముకుంటూ లెక్కపెట్టుకునే మలుపులూ. దేవదాసి వ్యవస్థ గురించీ మఠాలకు ఇచ్చేసిన పిల్లల గురించీ విన్న మనకు ఈ పేజీలు అంత పరాయిగా తోచవు.

ఈ కార్గాద్ జనానికి రాయడమంటే పాపం. లెగ్విన్ తన చరిత్ర వ్యాసంలో చెబుతుంది: వాళ్ళ దృష్టిలో రాత అంటే క్షుద్రవిద్య. అంతమాత్రాన తెలివితక్కువవాళ్ళనుకోకండి. గణితంలో దిట్టలు, పన్నెండ్ల లెక్కన గుణిస్తారు. పద్దులన్నీ రంగురంగుల నూలుతో నేస్తారు. ఏ రంగు, ఎంత లావు దారం అన్నదే లెక్క.

ఇది చదవగానే పెరూ దేశపు ఇంకా రాజ్యం గుర్తొచ్చింది నాకు. అంత పెద్ద సామ్రాజ్యాన్ని వాళ్ళు అక్షరం లేకుండా, కిపూ అనే ముడుల తాళ్ళతో నడిపారు. ధాన్యం ఎంత, పన్ను ఎంత, మనుషులెందరు, అన్నీ ముడుల్లో. స్పెయిన్ వాళ్ళు వచ్చాక, 1583లో లిమాలో జరిగిన క్రైస్తవ మతాధికారుల సభ వీటిలో విగ్రహారాధన ఉందని తగలబెట్టమంది. ఒకరి లెక్కల పుస్తకం మరొకరి కంటికి మంత్రాల పుస్తకం! క్రోబర్ గారి అమ్మాయికి ఈ సంగతులు ఇంట్లో కాఫీ తాగుతూ విన్నట్టే ఉంటాయి.

మా అమ్మమ్మకీ చదువు రాదు. వంటింటి గోడ మీద పాలవాడి లెక్క బొగ్గుగీతల్లో ఉండేది. పూర్తి గీత అంటే శేరు, సగం గీత అంటే అరశేరు, అడ్డగీత పడిందంటే ఆ పూట గేదె తన్నిందని. నెలాఖరుకి పాలవాడు కాగితం చూసి చెప్పే లెక్కా, గోడ చెప్పే లెక్కా తేడా వస్తే గోడదే గెలుపు. ఆవిడని రాయడం రాదనే అన్నారు అందరూ, చివరిదాకా.

మన దేశంలో ఆడపిల్ల అక్షరం దిద్దితే మొగుడు పోతాడని నమ్మిన కాలం ఒకటుంది. బెంగాల్‌లో రాససుందరీ దేవి అని ఒక గృహిణి, పంతొమ్మిదో శతాబ్దంలో, చైతన్య భాగవతంలోంచి ఒక్క ఆకు తీసి వంటింట్లో దాచుకుంది. కొడుకు రాసుకున్న తాటాకుతో పోల్చి చూసుకుంటూ, పొయ్యి ముందు, ఎవరికంటా పడకుండా చదవడం నేర్చుకుంది. తరవాత తన జీవితకథ తనే రాసుకుంది. మనవైపు వీరేశలింగం పంతులుగారు ధవళేశ్వరంలో ఆడపిల్లల బడి పెట్టింది 1874లో. అంటే ఎంతో వెనక్కి పోనక్కరలేదు, మన ముత్తవ్వల కాలమే. అక్షరం మంత్రమని ఒక చేత్తో దండం పెడుతూ, రెండో చేత్తో దాన్ని ఆడవాళ్ళకి అందనీయకుండా ఉంచారు. కార్గాద్ వాళ్ళే కాస్త నయం. వాళ్ళు మగవాళ్ళనీ రాయనివ్వలేదు.

అలాంటి దేశంలో, రాత పాపమని పెరిగిన పదిహేనేళ్ళ పిల్ల ఉన్న చీకటి మాళిగలోకి గెడ్ దొంగలా దిగుతాడు, రెండో ముక్క కోసం. మగవాడు అడుగుపెట్టకూడని చోటు. టెనార్ అతణ్ణి లోపల బంధిస్తుంది. చంపడం ఆమె ధర్మం. చంపలేక నీళ్ళిస్తుంది, తిండిస్తుంది, ప్రశ్నలడుగుతుంది. అతని మెళ్ళోని ముక్క ఆమె లాక్కుని తన మెళ్ళో వేసుకుంటుంది. దాని మీద చెక్కినవి ఏమిటో ఆమెకి తెలియదు, అతను చెబితే వింటుంది. అతను ఆమెకి మరచిపోయిన పేరు తిరిగి ఇస్తాడు. ఆమె అతనికి ముక్క తిరిగి ఇస్తుంది. ఇచ్చిపుచ్చుకోవడమంటే ఇది. దీనికి ప్రేమకథ అని పేరు పెట్టడానికి ఆవిడ ఒప్పుకోదు, నేనూ ఒప్పుకోను.

గెడ్ ఆ రెండు ముక్కల్ని రెండు చేతుల మధ్య పెట్టి మంత్రంతో కలుపుతాడు. ఎక్కడ విరిగిందో గుర్తైనా లేకుండా అతుక్కుంటుంది. బంధాక్షరం నిండుగా నిలుస్తుంది. తరవాత ఏం చేశాడు? ఇన్ని శతాబ్దాలు ఎందరో వెతికిన వస్తువు కదా, సంచిలో దాచుకున్నాడా, తన చేతికి పెట్టుకున్నాడా? లేదు. ఆ పిల్ల చేతికి తొడుగుతాడు. ఎల్ఫారాన్ కోసం చేసిన కడియం మగచేతికి ఎక్కదు కాబోలు. లిపి లేని జాతిపిల్ల, చదువురాని పిల్ల, ప్రపంచంలోకెల్లా గొప్ప అక్షరాన్ని మణికట్టుకి పెట్టుకుని కొండ దిగుతుంది. వెనకాల గుడి కూలిపోతుంది.

ఆ తరవాతి అధ్యాయం నాకు అన్నిటికన్నా ఇష్టం. మామూలు రచయితలైతే ఇక్కడ శుభం కార్డు వేసేస్తారు. లెగ్విన్ వెయ్యదు. స్వేచ్ఛ దొరికిన టెనార్ సంతోషించదు, భయపడుతుంది. సముద్రపు ఒడ్డున గెడ్ పరధ్యానంగా కూర్చుని ఉంటే కత్తి తీసుకుని వెళ్తుంది, నువ్వు నన్ను మోసం చేశావని. తనని కన్నబిడ్డలా చూసుకున్న సేవకుడు మనన్ ఆ గోలలో గోతిలో పడి చచ్చిపోయాడు. తన పదేళ్ళు చీకటికి ఊడిగం చేయడంలో పోయాయి. కడియంలో ఉన్న శాంతి ఆ పిల్ల మనసుకి పట్టలేదు. కత్తి వాడకుండానే ఏడ్చి, ఏడ్చి, పడవెక్కుతుంది. హావ్‌నార్‌లో ఇంటికి చేరుకుంటున్న చిన్నపిల్లలా అతని చెయ్యి పట్టుకుని తెల్లటి వీధుల్లో నడుస్తూండగా నవల అయిపోతుంది.

అక్షరం వచ్చింది కదా, మరి రాజు వచ్చాడా? రాలేదు. మళ్ళీ ఏళ్ళు పట్టింది. 1972లో వచ్చిన మూడో పుస్తకం 'ది ఫార్తెస్ట్ షోర్' చివర కానీ లెబానెన్ అనే యువకుడు సింహాసనం ఎక్కడు. ఆ పుస్తకానికి 1973లో అమెరికాలో నేషనల్ బుక్ అవార్డు వచ్చింది. ఇందులో గెడ్ ఉన్నాడు, డ్రాగన్లున్నాయి, మృత్యులోకం ఉంది. టెనార్ లేదు. కడియం తెచ్చిన పిల్ల ఏమైందో ఒక్క ముక్క లేదు. పాఠకులూ అడిగినట్టు లేరు. రావలసిన రాజు వచ్చాడు, అందరూ చప్పట్లు కొట్టారు.

ఆ ప్రశ్న రచయిత్రినే లోపల తొలిచింది. 1972 నుంచి 1990 దాకా, పద్ధెనిమిదేళ్ళు! నవల మధ్యలో పదిరోజులు ఆగిపోతేనే నాకు నిద్రపట్టదు. పద్ధెనిమిదేళ్ళు ఒక పాత్రని గుమ్మంలో నిలబెట్టడమంటే మాటలు కాదు. ఈలోగా ప్రపంచంలో ఆడవాళ్ళు అడగవలసినవి అడగడం మొదలుపెట్టారు. ఆవిడా తన పాత పుస్తకాలు తిరగేసి చూసుకుంది. మంత్రమంతా మగవాళ్ళది, బడి మగవాళ్ళది, ఆడవాళ్ళకి ఊళ్ళో చిన్నాచితకా చిట్కా వైద్యం. ఈ లోకాన్ని తనే కదా కట్టింది! మగవీరుల కథల సంప్రదాయం ఎలా చెప్పిందో అలాగే తనూ రాశానని ఆవిడ తరవాత ఒక ప్రసంగంలో దాపరికం లేకుండా చెప్పింది. పాత పుస్తకాలని దిద్దలేదు, చెరపలేదు. 'తెహాను' అని నాలుగో పుస్తకం రాసింది.

అందులో టెనార్ నడివయసు విధవరాలు. గాంట్ దీవిలో ఒక రైతుని పెళ్ళి చేసుకుంది, ఇద్దరు పిల్లల్ని పెంచింది, మేకల్ని మేపింది, నూలు వడికింది. ఊళ్ళో వాళ్ళు ఆమెని గోహా అంటారు. పెళ్ళికి ముందు ఆజియన్ అనే పెద్ద మాంత్రికుడు ఆమెకి చదువు చెప్పాడు, సొంత కూతురిలా చూసుకున్నాడు. ఆ విద్య వదిలేసి వచ్చి కాపురం చేసుకుంది. ఎందుకు వదిలావని మంత్రగత్తె ముసలమ్మ అడుగుతుంది కూడా. ఆ ఆడవాళ్ళ సంభాషణలు పిండివంటలు చేస్తూ పెరట్లో మాట్లాడుకునే మాటల్లా ఉంటాయి, వాటికోసం ఈ పుస్తకం మళ్ళీ మళ్ళీ చదవవచ్చు. టెనార్‌కి ఆ విద్య తన కొలతకి కుట్టని బట్టలా తోచింది.

కడియం హావ్‌నార్‌లో, రాజుగారి కొలువులో. తెచ్చిన చెయ్యి గాంట్‌లో, పాలచెంబు కడుగుతూ.

నలుగురు కలిసి నిప్పుల్లో తోసేసిన ఒక చిన్నపిల్ల టెనార్ ఇంటికి వస్తుంది. సగం మొహం కాలిపోయింది, ఒక చెయ్యి ముడుచుకుపోయింది. రాజ్యంలో శాంతి వచ్చేసిందని దండోరా వేస్తూనే ఉన్నారు. ఆ పిల్లని కాల్చినవాళ్ళు పక్క ఊరి దారిలోనే తిరుగుతున్నారు. బంధాక్షరం ఎంతవరకు పనిచేస్తుందో లెగ్విన్ ఇలా చూపిస్తుంది తప్ప ఉపన్యాసం ఇవ్వదు. దీవికీ దీవికీ మధ్య యుద్ధం ఆగింది. ఇంటి గుమ్మం లోపల జరిగేదానికి ఆ కడియం సరిపోలేదు. దానికి టెనార్ రాత్రంతా తలుపు దగ్గర కాపలా కూర్చోవలసి వచ్చింది. ఈ పుస్తకం వచ్చినప్పుడు కొందరు పాత అభిమానులు చిన్నబుచ్చుకున్నారు. మాకు డ్రాగన్లు కావాలి, అంట్లగిన్నెలెందుకని. డ్రాగన్ కూడా వస్తుంది లెండి, ఆ కాలిన పిల్ల కోసమే వస్తుంది. అది మీరే చదువుకోవాలి.

లెగ్విన్ 2018 జనవరిలో, ఎనభై ఎనిమిదేళ్ళ వయసులో పోయింది. ఎర్త్‌సీ మీద ఆవిడ రాసిన ఆఖరి నవల 2001లో వచ్చిన 'ది అదర్ విండ్'. అందులో కార్గాద్ రాజు సంధి కోసం తన కూతుర్ని లెబానెన్‌కి పెళ్ళికూతురిగా పంపిస్తాడు. తల నుంచి కాలిదాకా ఎర్రటి ముసుగు. ఒక్క మాట ఈ దేశపు భాష రాదు. రాజు విసుక్కుంటాడు, మూట పంపించారేమిటని. ఎవరూ ఆ పిల్లతో మాట్లాడరు, మాట్లాడలేరు. అప్పుడు టెనార్‌ని పిలుస్తారు. తల నెరిసిన టెనార్ ఆ గదిలోకి వెళ్ళి, తను చిన్నప్పుడు వదిలేసి వచ్చిన కార్గాద్ భాషలో ఆ పిల్లని పలకరిస్తుంది. ముసుగు లోపలినుంచి సముద్రమంత మాట పొంగుకొస్తుంది. తరవాత రోజూ పక్కన కూర్చుని, ఒక్కో వస్తువు చూపించి, ఇదేమిటి, అదేమిటి అంటూ దీవుల భాష నేర్పడం మొదలుపెడుతుంది.